షిగే పక్షాన

ఓజు 1953లో తీసిన 'టోక్యో స్టోరీ' చూసినవాళ్లు భర్త పోయిన కోడలు నోరికోని తలుచుకుని కళ్లు తుడుచుకుంటారు. నాకు మాత్రం పెద్దకూతురు షిగేనే గుర్తుండిపోయింది. ఇంట్లోనే బ్యూటీపార్లర్ నడుపుకునే మనిషి. తల్లి అంత్యక్రియలైన వెంటనే ఆమె ఒబీ, కిమోనో తనకిమ్మంటుంది. ఎంత కఠినురాలో అనుకుంటాం! తల్లిదండ్రులని పట్టించుకునే తీరిక అన్నకీ లేదు. కానీ అతను డాక్టరు కదా, అతన్ని తేలిగ్గానే క్షమించేస్తాం. కూతురి పని మాత్రం మనకి పనిలా కనబడదు.

షిగేగా నటించిన హరుకో సుగిమురా హిరోషిమాలో పుట్టింది. 1937లో 'బుంగకుజా' నాటక సంస్థ మొదలైనప్పటి నుంచీ చివరిదాకా అందులోనే ఉంది. సినిమాల్లో ఆమెకి దక్కినవి ఎక్కువగా పక్క పాత్రలే. నాటకం సంగతి వేరు. 1945 ఏప్రిల్‌లో, బాంబులు పడుతున్న టోక్యోలో, మొరిమోతో కవోరు రాసిన 'ఒక స్త్రీ జీవితం'లో కేయి పాత్ర వేసింది. కేయి అనాథ. మనసిచ్చింది తమ్ముడికి, ఆ ఇంటి వ్యాపారం నిలబెట్టడానికి పెళ్లాడింది అన్నని. ఆ పాత్రని 900 సార్లకు పైగా వేసింది. ప్రతి రాత్రీ పిల్లగా మొదలై ముసలిదయ్యేది.

1995లో ప్రభుత్వం అత్యున్నత సాంస్కృతిక పురస్కారం ఇస్తానంటే వద్దంది. ఆ బరువు మోస్తూ వేదికెక్కలేనంది, ఇంకా నటించాలనుందంది. ఆ ఏడాదే షిందో సినిమాలో ఒక ముసలి నటిగా కనిపించింది, ఈసారి ప్రధాన పాత్రలో.