తేనెటీగ కుట్టడం

తేనెటీగ కుట్టడం అంటే ఆడ ఈగ పొట్ట చివరి ముల్లుతో చర్మంలోకి విషం ఎక్కించడం. పోతుటీగలకు ముల్లు లేదు. కూలీ ఈగ ముల్లుకు వెనక్కి తిరిగిన నొక్కులుంటాయి. అందువల్ల అది విషసంచితో సహా తెగి చర్మంలోనే ఉండిపోతుంది, ఈగ వెళ్లిపోయాక కూడా సంచి విషాన్ని నెడుతూనే ఉంటుంది. గోటితో గీకినా, వేళ్లతో లాగినా తేడా లేదని, త్వరగా తీయడమే ముఖ్యమని 1996లో లాన్సెట్ పత్రికలో వెలువడిన అధ్యయనం తేల్చింది. పొడి విషంలో దాదాపు సగం మెలిటిన్ అనే పెప్టైడ్. ముల్లు దగ్గర వెలువడే అరటిపండు వాసన ఐసోఅమైల్ ఎసిటేట్‌ది; అది మిగతా ఈగలను రప్పిస్తుంది.

ముల్లు తీశాక సబ్బునీళ్లతో కడిగి మంచుగడ్డ అద్దితే వాపు తగ్గుతుంది. పల్లెల్లో పూసే సున్నం చర్మం లోపలి విషాన్ని చేరదు. ఒళ్లంతా దద్దుర్లు, ఆయాసం, స్పృహ తప్పడం అనాఫిలాక్సిస్ (ప్రాణాపాయకరమైన అలర్జీ) లక్షణాలు. దీనికి తొలి మందు తొడ కండరంలో అడ్రినలిన్ సూది: కిలో బరువుకు 0.01 మి.గ్రా., పెద్దలకు గరిష్ఠంగా 0.5 మి.గ్రా.

భారతదేశంలో మూకుమ్మడి దాడులకు పేరుపడ్డది కొండతేనెటీగ (ఏపిస్ డార్సేటా). ఎత్తైన చెట్లు, కొండచరియలు, భవనాల చూర్లకు ఒకే పెద్ద పట్టు పెడుతుంది. పట్టు కింద పొగ పెట్టకపోవడం, ఈగలు లేస్తే చేతులు విసరకుండా ముఖం కప్పుకొని గదిలోకో వాహనంలోకో చేరడం నివారణ మార్గాలు.