మాజీ సైనికుల వృద్ధ భార్యల వైద్యం: నిజామాబాద్, బోధన్

మాజీ సైనికుల వృద్ధ భార్యలకు వైద్య భరోసా ప్రధానంగా ఈసీహెచ్‌ఎస్ (మాజీ సైనికుల కాంట్రిబ్యూటరీ ఆరోగ్య పథకం). 2003 ఏప్రిల్ 1న మొదలైన ఈ పథకం భర్త పోయాక కూడా కుటుంబ పింఛను పొందే భార్యకు వర్తిస్తుంది. అర్హత సమస్య కాదు, కాగితాలు, దూరమే సమస్య. పింఛను పత్రాల్లో భార్య పేరు, పుట్టిన తేదీ తప్పుగా ఉంటే ఈసీహెచ్‌ఎస్ కార్డు దగ్గరే పని ఆగుతుంది. కాబట్టి ఆ దిద్దుబాటు భర్త బతికుండగానే చేయించాలి. ఒకప్పుడు చెరకుకు పేరున్న బోధన్ పల్లెల వృద్ధురాలికి జిల్లా కేంద్రం నిజామాబాద్ చేరడమే ఒక ప్రయాణం. పెద్ద చికిత్సలకు వెళ్లాల్సిన హైదరాబాద్ నిజామాబాద్ నుంచి సుమారు 175 కిలోమీటర్లు.

రాష్ట్ర ప్రభుత్వ ఆరోగ్యశ్రీ ఉండగా ఈసీహెచ్‌ఎస్ ఎందుకని కొందరంటారు. 2023 డిసెంబరులో దాని పరిమితి రూ.10 లక్షలకు పెరిగిన మాట నిజమే. 2024లో ఆయుష్మాన్ భారత్ కూడా 70 ఏళ్లు నిండినవారికి ఆదాయంతో పనిలేకుండా రూ.5 లక్షల రక్షణ ఇచ్చింది. అయితే ఇవి ముఖ్యంగా ఆసుపత్రిలో చేరాల్సిన చికిత్సలకు. ముసలితనంలో ఎడతెగని ఖర్చు బీపీ, షుగరు మాత్రలది. వాటిని ఈసీహెచ్‌ఎస్ పాలీక్లినిక్కులు ఇస్తాయి. ఆ పాలీక్లినిక్కుల్లో మందుల కొరత ఉంటుందన్న ఫిర్యాదు కొట్టిపారేయదగింది కాదు, అయినా పథకాన్నే వదులుకోవడానికి అది కారణం కాదు. ప్రాణాపాయంలో ఈసీహెచ్‌ఎస్ గుర్తింపులేని ఆసుపత్రిలోనైనా చేరవచ్చు. అప్పుడు పాలీక్లినిక్కుకు వెంటనే తెలపాలి. బిల్లు మొత్తం కాక, నిర్ణీత ధరల మేరకే తిరిగొస్తుంది.