ఒక్క సాక్షి, ఆమె మాట

సాక్షుల తలలు లెక్కపెట్టడం మన చట్టం ఏనాడో మానేసింది. ఏ విషయం రుజువు చెయ్యడానికైనా ఇంతమంది సాక్షులుండాలనే నియమం లేదని 1872 నాటి సాక్ష్య చట్టంలోని 134వ సెక్షన్ ఒక్క వాక్యంలో తేల్చేసింది. 2024 జూలై 1న అమల్లోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియంలోనూ 139వ సెక్షన్‌గా ఆ మాటే ఉంది. హత్యను ఒక్కరే చూశారనుకోండి. రెండో మనిషి చూడలేదని హంతకుణ్ణి వదిలెయ్యలేం కదా!

1957లో వడివేలు తేవర్ కేసులో సుప్రీంకోర్టు ఈ సూత్రాన్ని వివరించింది. సాక్షులు మూడు రకాలంది: పూర్తిగా నమ్మదగినవాళ్లు, ఏమాత్రం నమ్మలేనివాళ్లు, ఈ రెంటికీ మధ్యనున్నవాళ్లు. మొదటి రకమైతే ఒక్కరు చాలు. రెండో రకమైతే ఆ మాట పక్కన పెట్టాల్సిందే. మూడో రకానికే వేరే ఆధారం తోడు కావాలి. ఆ కేసులో ఏకైక ప్రత్యక్ష సాక్షి హతుడి భార్య. ఆమె మాట మీదే మరణశిక్ష ఖాయమైంది. అంటే భర్త చావు గురించి స్త్రీ చెప్పిన మాట ఒక మనిషిని ఉరికంబం ఎక్కించడానికి సరిపోయింది.

మరి నేరం ఆమె శరీరం మీదే జరిగినప్పుడో? ఈ ప్రశ్న పట్టుకుని పాత తీర్పులు చదివితే ఇంకో చరిత్ర కనిపిస్తుంది.

రాజస్థాన్‌కు చెందిన రామేశ్వర్ కేసు 1951 డిసెంబర్‌లో సుప్రీంకోర్టులో తేలింది. బాధితురాలు ఎనిమిదేళ్ల పిల్ల. జరిగింది కొద్ది గంటల్లోనే తల్లికి చెప్పుకుంది. సెషన్స్ జడ్జి ఆ పిల్ల మాట మనసా నమ్మాడు. కానీ బలపరిచే సాక్ష్యం లేదు కనక చట్టపరంగా చాలదని నిందితుణ్ణి వదిలేశాడు. నమ్మికూడా వదిలెయ్యడం! హైకోర్టు ఆ తీర్పు తిరగేసి శిక్ష వేసింది, సుప్రీంకోర్టు దాన్ని నిలబెట్టింది. బలపరిచే సాక్ష్యం లేకపోతే శిక్ష వెయ్యకూడదన్నది చట్టం కాదు, వివేకానికి సంబంధించిన విషయం మాత్రమేనన్నారు జస్టిస్ వివియన్ బోస్. అయితే ఆ జాగ్రత్త జడ్జి మనసులో మెదులుతూనే ఉండాలన్నారు.

ఆ జాగ్రత్తకు వేళ్లు దూరాన ఉన్నాయి. రేప్ ఆరోపణ చెయ్యడం సులువు, రుజువు చెయ్యడం కష్టం, తప్పు చెయ్యనివాడు దాన్నుంచి బయటపడడం మరీ కష్టమని పదిహేడో శతాబ్దపు ఇంగ్లండు న్యాయమూర్తి మాథ్యూ హేల్ రాశాడు. ఆయన పోయాక, 1736లో అచ్చయిన ఆ మాట తరతరాల జడ్జీలకు సుభాషితమైంది. ఇదే హేల్ 1662లో బరీ సెయింట్ ఎడ్మండ్స్‌లో ఇద్దరు స్త్రీల మీద వచ్చిన మంత్రగత్తెల కేసు విచారించాడు. పిల్లలకు మూర్ఛలొచ్చాయని, గుండుసూదులు కక్కారని సాక్ష్యం. ఇద్దర్నీ ఉరితీశారు. చేతబడి ఆరోపణ ఎంత సులువో ఆయనకు తట్టలేదు కాబోలు!

ఇక్కడ 1978లో రెండు సంఘటనలు ఎదురవుతాయి. ఆ మార్చిలో హైదరాబాద్ నల్లకుంట పోలీస్ స్టేషన్‌లో రమీజాబీ మీద అత్యాచారం జరిగింది. ఆమె భర్త పోలీసు దెబ్బలకు చనిపోయాడు. నగరం అట్టుడికిపోయింది. జస్టిస్ ముక్తదర్ కమిషన్ ముందు పోలీసుల పక్షం ఆమెను వ్యభిచారిగా నిరూపించడానికే శక్తంతా ధారపోసింది. కమిషన్ మాత్రం ఆమెనే నమ్మింది, పోలీసులది నేరమంది. తర్వాత కేసు కర్ణాటకలోని రాయచూరుకు బదిలీ అయింది. 1981లో అందరూ నిర్దోషులుగా బయటికొచ్చారు. మథుర కేసులోనూ అంతే. పోలీస్ స్టేషన్‌లో అత్యాచారానికి గురైన ఆ ఆదివాసీ పిల్ల ఒంటిమీద గాయాల్లేవు కనక ప్రతిఘటించానన్న మాట అబద్ధమని 1978 సెప్టెంబర్‌లో సుప్రీంకోర్టు తేల్చింది. నలుగురు న్యాయశాస్త్ర అధ్యాపకులు 1979లో రాసిన బహిరంగ లేఖ, దాని వెంట వచ్చిన ఉద్యమం 1983 సవరణకు దారితీశాయి.

అదే 1983లో భర్వాడా కేసులో సుప్రీంకోర్టు బాధితురాలి మాటకు వేరే ఊతం అడగడం పుండు మీద కారం చల్లడమేనన్న అర్థంలో మాట్లాడింది. సంతోషించాం. కానీ కారణం చూడండి: భారతీయ స్త్రీ పరువుకు భయపడుతుంది కాబట్టి ఇలాంటి విషయంలో అబద్ధమాడదట! నమ్మకం దొరికింది, దానికి వెలగా పరువు కట్టాలి. పరువు లేదని ముద్రపడ్డ రమీజాబీ ఏం కట్టగలదు? బాధితురాలి నడత మంచిది కాదని చూపించి ఆమె మాట కొట్టెయ్యడానికి వీలిచ్చే 155వ సెక్షన్ నాలుగో క్లాజు 2002 చివరిదాకా చట్టంలో ఉండనే ఉంది.

అంటే స్త్రీ చెప్పిందల్లా ప్రశ్నించకుండా నమ్మాలంటున్నామా? అమెరికాలో 1984లో అత్యాచారానికి గురైన విద్యార్థిని జెన్నిఫర్ థాంప్సన్ ఆ రాత్రే అతని ముఖాన్ని జాగ్రత్తగా గుర్తుపెట్టుకుంది. పోలీసులు చూపిన ఫొటోల్లోనూ, తర్వాత వరసలో నిలబెట్టిన మనుషుల్లోనూ రొనాల్డ్ కాటన్‌నే చూపించింది. రెండుసార్లూ ఒకే మనిషిని పట్టుకున్నావని పోలీసులు చెప్పేసరికి ఆమె నమ్మకం గట్టిపడింది. పదేళ్లకు పైగా జైల్లో ఉన్నాక, 1995లో డీఎన్ఏ పరీక్ష అతను కాదని, అసలు నేరస్తుడు మరొకడని తేల్చింది. ఆమె అబద్ధమాడలేదు. అత్యాచారం నిజం, ముఖం తప్పు. తర్వాత వాళ్లిద్దరూ కలిసి పుస్తకం రాశారు, సాక్షుల గుర్తింపు పద్ధతులు మారాలని పోరాడారు.

ఈ కేసు మన వాదాన్ని బలహీనపరచదు, పదును పెడుతుంది. న్యాయస్థానాలు శతాబ్దాలపాటు అనుమానించాయి, అయితే అనుమానించాల్సిన చోట కాదు. వెలుతురు ఎంత, దూరం ఎంత, ఎంతసేపు చూసింది, ఆ మనిషి ముందే తెలుసా, గుర్తింపు పరేడ్‌కు ముందు పోలీసులు ఫొటో చూపించారా అన్నవి ఎవరి సాక్ష్యానికైనా వెయ్యాల్సిన ప్రశ్నలు. కాటన్‌లాంటి వాళ్లను కాపాడగలిగేవి అవే. ఆమె ఎవరితో తిరిగింది, ఒంటిమీద గాయాలేవీ అన్న ప్రశ్నలు ఏ నిర్దోషినీ కాపాడలేదు. రమీజాబీని మాత్రం ముద్దాయిని చేశాయి.

1957లో ఆ భార్య సాక్ష్యాన్ని తూచిన తక్కెడ చాలు. కొత్తది అడగడం లేదు. అదే తక్కెడలో మన శరీరం గురించి మనం చెప్పే మాటనూ తూచమంటున్నాం.