గాలెయ్య పాట పుస్తకమైన కథ

బ్రహ్మనాయుడు, నాగమ్మ, బాలచంద్రుడు: ఈ పేర్లు తెలియని తెలుగువాళ్లు అరుదు. పల్నాటి వీరులైన వాళ్ల కథను వందల ఏళ్లు పాడి నిలబెట్టినవాళ్ల పేర్లే మనకు తెలియవు. వాటిలో ఒక పేరు మాత్రం పుస్తకానికెక్కింది. అది అలిశెట్టి గాలెయ్య.

ఆ కథకు కేంద్రమైన కారంపూడి యుద్ధం క్రీ.శ. 1182 ప్రాంతంలో జరిగిందంటారు. ఏటా కార్తీక అమావాస్య నుంచి ఐదు రోజులు అక్కడ వీరుల తిరునాళ్లు జరుగుతాయి. రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు అని ఒక్కో రోజుకీ ఒక్కో పేరు. కథ చెప్పే హక్కు వీరవిద్యావంతులది. ఒక చేత కత్తి, మరో చేత డాలు పట్టుకుని కథకుడు అడుగు వేస్తుంటే వెనక పంబ మోగుతుంది, తిత్తి శ్రుతి పడుతుంది. ఈ గాయకుల్లో చాలామంది మాలలు. కులభేదం లేకుండా అందరినీ కూర్చోబెట్టి బ్రహ్మనాయుడు పెట్టిన చాపకూడు, ఆయన సేనను నడిపిన మాల కన్నమదాసు వాళ్లకు పురాణం కాదు, ఇంటి చరిత్ర.

ఈ కథ మొదట అచ్చులోకి వచ్చింది 1911లో. శ్రీనాథుడిదని చెప్పే ద్విపదను పల్నాటివాడే అయిన అక్కిరాజు ఉమాకాంతం పరిష్కరించి ప్రకటించాడు. దాంతో కావ్యానికి చోటు దక్కింది. పాటకు దక్కలేదు. తాళపత్రాన్ని దిద్ది అచ్చువేయొచ్చుగానీ, జనాన్ని బట్టి పెరిగి తరిగే పాటను పట్టుకోవడానికి కలం చాలదు.

ఆ చిక్కు విప్పే దారి మరో దేశంలో దొరికింది. 1930ల్లో మిల్మన్ ప్యారీ అనే అమెరికన్ పండితుడు యుగోస్లావియా పల్లెగాయకుల వీరగాథలను అల్యూమినియం పళ్లేల మీద రికార్డు చేశాడు. ఒక పళ్లెం నిండగానే రెండోది అందుకునేలా జంట యంత్రం చేయించాడు. గాయకుడు మధ్యలో ఆగనక్కర్లేదు. పెద్ద కథను బట్టీపట్టి అప్పజెప్పరని, అలవాటైన పలుకుబళ్లతో పాడుతూనే అల్లుతారని ఆ రికార్డులు చూపించాయి. తర్వాత టేపురికార్డరు వచ్చి ఆ పనిని చేతిసంచీలోకి తెచ్చింది.

1970ల్లో జీన్ రోఘైర్ అనే అమెరికన్ పరిశోధకుడు పల్నాడు వచ్చి, గాలెయ్య చేత కథ పాడించుకుని టేపుల్లోకి ఎక్కించాడు. ‘ది ఎపిక్ ఆఫ్ పల్నాడు’ పేరుతో దాన్ని అనువాదం, వ్యాఖ్యలతో 1982లో ఆక్స్‌ఫర్డ్ వాళ్లు అచ్చువేశారు. ద్విపదలో బాలచంద్రుడి యుద్ధానిదే పెద్దపీట. గాలెయ్య మాత్రం పల్నాటి పాలకుల మూలపురుషుడైన అనుగురాజు అక్కడికి చేరడం, వీరుల పుట్టుకలు అన్నీ చెప్పుకొచ్చాడు. రోఘైర్ దాన్ని శ్రీనాథుడితో సరిచూసి దిద్దలేదు. గాలెయ్య చెప్పిందే మూలమన్నాడు.

నా దృష్టిలో అసలు ఆవిష్కరణ టేపురికార్డరు కాదు, ఆ దిద్దకపోవడం. అణగారినవాళ్ల జ్ఞాపకాన్ని కెమెరాకెక్కించే ఏ డాక్యుమెంటరీ దర్శకుడికైనా మొదటి పరీక్ష ఇదే: ఎదుటి మనిషిని సాక్షిగా వాడుకుంటున్నామా, కర్తగా ఒప్పుకుంటున్నామా? ఇప్పుడు యంత్రం అందరి జేబులో ఉంది. కారంపూడిలో పాటను రికార్డు చేయడానికి ఫోను ఎత్తేవాళ్లు ముందుగా పాడేవాడి పేరు అడిగి రాసుకుంటే, ఆ పని సగం సరిగ్గా మొదలైనట్టే.