మూడు పులులు, పదునైదు మేకలు

నల్లగొండ, మహబూబునగరు ప్రాంతములలో రాతిబండలకు కొదువలేదు. ఊరి రచ్చబండ మీదనో, గుడి అరుగు మీదనో, పశులకాపరులు కూర్చుండు గుండు మీదనో బొగ్గుతో గీసినదో, ఉలితో చెక్కినదో ఒక పటము కానవచ్చును. అది పులి-మేక ఆట పటము. దీనినే పులిజూదమనియు అందురు. ఆడుటకు చింతగింజలు, గులకరాళ్లు చాలును.

పటమును ఒకసారి లెక్కించి చూడుడు. కొన నుండి నాలుగు గీతలు క్రిందికి దిగును. వాటిని మూడు అడ్డగీతలు ఖండించును. అడ్డగీతల చివరలను ఇరుప్రక్కల నిలువుగీతలు కలుపును. కొన 1, ఒక్కొక్క అడ్డగీత మీద 6 చొప్పున 18, అడుగున 4; మొత్తము 23 స్థానములు. పులులు 3, మేకలు 15. పులి ప్రక్కనున్న మేక మీదుగా తిన్నగా దూకి అవతలి ఖాళీలో పడినచో మేక చచ్చును. మేకకు దూకుట లేదు. గుంపుగా చేరి పులికి దారి మూయుటే దాని బలము. మేకలన్నియు పటము మీదికి దిగువరకు ఏ మేకయు కదలరాదు.

పదునైదే ఎందుకు? ఒక్క మేకయు చావక అన్నియు దిగినచో మిగులు ఖాళీలు 5 మాత్రమే. పులులకు ఊపిరాడదు. ఒక మేక చచ్చిన ఖాళీలు 6, రెండు చచ్చిన 7. చావు వెంట పులికి దారులు పెరుగును. కనుకనే మేకల ఆటగాడు తొలి ఎత్తులలో చేసిన పొరపాటు చివరిదాక వెంటాడును. 18 కాయలును పటము మీదనున్నపుడు అవి నిలువగల తీరులు 2,74,57,584. చింతగింజల ఆటకు ఇది తక్కువ లెక్క కాదు!

నేపాలులోని బాఘ్‌చాల్ దీనికి దగ్గరి చుట్టము. అందు స్థానములు 25, పులులు 4, మేకలు 20. ఇరువురును తప్పులేక ఆడినచో ఆ ఆట సమానముగా ముగియునని లిమ్ యూ జిన్, యుర్గ్ నీవర్‌గెల్ట్ అను శాస్త్రజ్ఞులు ఈ శతాబ్ది తొలి దశకములో కంప్యూటరు సాయముతో నిరూపించిరి. పులి, మేక సమఉజ్జీలని పల్లెవారికి ఆ లెక్క లేకయే తెలిసియుండవలెను. లేకున్న ఎల్లప్పుడు ఓడు పక్షమును ఎవరు పట్టుదురు?

చదరంగము మాత్రము మారినది. మూలగా ఒక్క గడి నడచు మంత్రికి 15వ శతాబ్ది చివర యూరోపులో ఎటైనను, ఎంతదూరమైనను పోవు బలము వచ్చినది. మన దేశములో బంటు మొదటి ఎత్తునందును ఒక్క గడియే కదలు పాత పద్ధతి 20వ శతాబ్దిలోను నిలిచియుండెను. ఆ పద్ధతిలో ఆట నేర్చిన మీర్ సుల్తాన్ ఖాన్, కొత్త నియమములు నేర్చుకొని 1929లో బ్రిటిషు ఛాంపియన్‌షిప్పు గెలిచెను.

పులి-మేకకు నియమములు మార్చు సంఘము లేదు. బండ మీది గీతయే దాని గ్రంథము. అయితే ఆ గ్రంథమునకు తేదీ లేదు. ఆలంపురము నవబ్రహ్మ ఆలయములు 7, 8 శతాబ్దులవి. అంతటి పాత గుడి అరుగు మీద పటమున్నను అది గుడి వయసుదని చెప్పరాదు. నిన్నటి కాపరి గీసినదియు కావచ్చును. గీత ఒరపిడి, దానిపై పేరుకొన్న పొర, ప్రక్కనున్న శాసనమును అది కోసినదా లేదా అనునవి చూచి ముందువెనుకలు మాత్రమే ఊహింపవచ్చును. అరుగులు ఊడదీసి నున్నని పలకలు పరచినచోట, బండలను క్వారీ తొలిచినచోట ఆ పాటి ఆధారమును మిగులదు.