పారిపోనియ్యని ఊరు

రజాకార్ల కాలం గురించి మన దగ్గర పుస్తకాలకు కొదవలేదు. ఆత్మకథలు, పోరాట జ్ఞాపకాలు, సావనీర్లు చాలా వచ్చినయి. వాటిల్లో ఒక ఘట్టం దాదాపు ఖాయంగ ఉంటది. ఊరి మీద దాడి జరుగుతదని తెలిసింది, రాత్రికి రాత్రి బండ్లు కట్టినం, పిల్లల్ని ముసలోళ్లను ఎక్కించుకున్నం, యూనియన్ గడ్డ మీద కాలు పెట్టినంకనే ఊపిరి పీల్చుకున్నం అని రాస్తరు. ఆ భయం అబద్ధం కాదు. ఇల్లూ వాకిలీ ఇడిసిపెట్టి పోయినోళ్ల దుఃఖాన్ని నేను తక్కువ చేస్తలేను. కాని ఆ పేజీలు చదివినప్పుడల్లా నాకు కొన్ని ప్రశ్నలు వస్తయి. ఆ చీకట్ల ఎడ్లను తోలింది ఎవరు? బండి పోయినంక ఆ ఇంటికి కావలి పండుకున్నది ఎవరు? మల్ల వాపసు వచ్చేదాక గొడ్లకు గడ్డేసింది ఎవరు? పుస్తకంల ఆ మనిషికి పేరుండదు. 'జీతగాడు' అని ఉంటది, లేకుంటే అదీ ఉండదు.

విద్యార్థుల కోసం ముందు కొన్ని తారీఖులు చెప్పాలె. 1946 జులై 4న కడవెండిల దొడ్డి కొమురయ్య విసునూరు దేశముఖు మనుషుల కాల్పుల్ల చచ్చిపోయిండు. అప్పటికే ఆంధ్ర మహాసభను ఊర్లల్ల 'సంఘం' అంటున్నరు. 1947 ఆగస్టు 15న దేశానికి స్వాతంత్ర్యం వచ్చింది, హైదరాబాద్ సంస్థానం మాత్రం యూనియన్‌ల కలువలే. సెప్టెంబరు 2న పరకాలలో జెండా ఎత్తిన జనం మీద కాల్పులు జరిగినయి. ఖాసిం రజ్వీ నాయకత్వంల రజాకార్లు ఊర్ల మీద పడ్డరు. 1948 ఆగస్టు 27న బైరాన్‌పల్లిల ఒక్కనాడే వందకు దగ్గర మందిని చంపిన్రు. సెప్టెంబరు 13న యూనియన్ సైన్యం దిగింది, 17న నిజాం లొంగిపోయిండు. అయినా తుపాకి ఆగలే. అదే సైన్యం కమ్యూనిస్టుల మీదికి మళ్లింది. 1951 అక్టోబరుల పార్టీ పోరాటం విరమించేదాక ఊర్లల్ల క్యాంపులున్నయి. అంటే పల్లెటూరి పేదోనికి అది అయిదు రోజుల పోలీసు చర్య కాదు, అయిదేండ్ల గోస.

ఈ అయిదేండ్లల్ల ఎవరు ఏడికి పారిపోయిన్రు? పారిపోవుటానికి ఏమేం కావాల్సి వచ్చింది? మా నెక్కొండనే చూడుండ్రి. కాజీపేట నుంచి బెజవాడకు పోయే రైలు మార్గం మీద ఉన్న టేషన్ మాది. ఇక్కడ రైలెక్కితే కేసముద్రం, మానుకోట, డోర్నకల్, మదిర, ఎర్రుపాలెం. అది దాటితే బెజవాడ, యూనియన్ రాజ్యం. చూడబోతే పారిపోయెటోనికి ఇంతకన్న మంచి తొవ్వ లేదు. కాని టికెట్టుకు పైసలు కావాలె. దిగినంక అన్నం పెట్టే చుట్టం కావాలె, కనీసం ఇల్లు కిరాయికి ఇచ్చే కులం కావాలె. కృష్ణా జిల్లా సరిహద్దుల వెంట కాంగ్రెసు వాళ్లు నడిపిన క్యాంపులున్నయి. ఆ క్యాంపుల గురించి చెప్పే మనిషి కావాలె. ఇవన్నీ ఉన్నోళ్లు పోయిన్రు. రైలు పట్టాల పక్కనే పుట్టి పెరిగిన మా వాడోళ్లకు ఆ రైలు కూత ఒక గడియారం లెక్క. కూత ఇని లేచేది, కూత ఇని పండేది. అది ఎక్కేటిది అని వాళ్లకు తోచలే.

పైసలు లేకపోవుడు ఒక్కటే కారణం కాదు. అసలు కారణం వెట్టి. మా వాడల ఇంటికొక మనిషి వంతు పడి గడీకి, పటేలు పట్వారీలకు, వచ్చిపోయే ప్రతి అధికారికీ చాకిరి చెయ్యాలె. చీటీ పట్టుకొని ఠాణాకు ఉరుకుడు, సామాను నెత్తిన మోసుడు, కట్టెలు కొట్టుడు, రాత్రి కావలి. మాదిగోడు చెప్పులు, మోటకు తోలు బొక్కెన ఉత్తగనే కుట్టియ్యాలె. ఊర్ల గొడ్డు చస్తే ఎత్తాలె, మనిషి చస్తే బొంద తవ్వాలె. శాంతి కాలంల ఈ పనులు ఎంతనో, లొల్లి కాలంల అంతకు రెండింతలు. రజాకార్లు దిగితే వాళ్ల గుర్రాలకు గడ్డి, నీళ్లు మావోళ్లే పెట్టాలె. వాళ్లు పోయినంక కాలిన ఇండ్ల బూడిద ఎత్తాలె. పీనుగలను పూడ్చాలె. అందరు పారిపోయిన ఊర్ల ఈ పనులు ఎవరన్న చెయ్యాలె గద! అందుకే మావోళ్లను కదలనియ్యలే. వంతు మనిషి ఒక్కపూట కనవడకపోతే వాని పెండ్లాన్ని తీస్కపోయి గడీ ముంగట ఎండల నిలవెట్టేది.

మా నాయినమ్మది నెక్కొండకు నడిచిపోయేటంత దూరంల ఒక పల్లె. రజాకార్ల జమానల ఆమెకు పన్నెండు పదమూడేండ్లు. ఆమె తండ్రి వెట్టి మాదిగ. చీటీలు మోసేది ఆయన పని. ఆయనకు సదువు రాదు, ఏ చీటీల ఏముందో తెల్వదు. పట్వారీ చీటీ ఇస్తే పగలు ఠాణాకు, సంఘపోళ్లు చీటీ ఇస్తే రాత్రి పక్క ఊరికి. "మా నాయిన నడుముకు ఈ దిక్కు ఒకటి, ఆ దిక్కు ఒకటి చెక్కుకునేది బిడ్డా. ఒకటి మారిందంటే పానం పోయినట్టే" అని చెప్పేది. ఆయన అట్ల రెండేండ్లు నడిచిండు. రెండింట్ల ఏదీ మార్చలే.

మరి పిల్లలెట్ల బతికిన్రు? వాడ ఆడోళ్లు దానికో పద్ధతి పెట్టుకున్నరు. పొద్దుగూకంగనే గట్క వండి, పొయ్యి ఆర్పి, పొగ లేకుండ చేసేది. అంత తిని చెలుకల దిక్కు పోయేది. జొన్నచేను నిలువెత్తు ఉన్నప్పుడు జొన్నచేన్ల, కోతైనంక చెరువు కట్ట కింద తుమ్మల నడుమ, వానకాలం బొంతరాళ్ల సందుల్ల. చంటిపిల్ల ఏడిస్తే అందరి పానం పోతదని పాలిచ్చే తల్లులందరు ఒక్క తాన పండుకునేది. ఏ పిల్ల లేచినా దగ్గరున్న తల్లి రొమ్ము అందించేది. మా నాయినమ్మకు తమ్ముడు అట్లనే ముగ్గురు తల్లుల పాలు తాగి బతికిండట. తెల్లారకముందే లేచి వాడకు రావాలె. ఎందుకంటే పొద్దుగాల వెట్టికి పిలుపొస్తది. రాత్రి పారిపోయి పొద్దుగాల వాపసు వచ్చే కాందిశీకులు వీళ్లు. ఏడాది పాటు రోజూ పారిపోయిన్రు, ఒక్క మైలు దూరం దాటలే.

మరీ కష్టమైతే వాడ నుంచి వాడకు పోయేది. ఆడబిడ్డనిచ్చిన ఊరు, కోడలిని తెచ్చుకున్న ఊరు, అట్ల వియ్యంకుల వాడలు ఒక గొలుసు. ఒక్కొక్క పిల్లను ఒక్కొక్క వాడల దాచి వచ్చేది. పుస్తకాలల్ల ఉన్న సరిహద్దు క్యాంపులకు పటాలున్నయి. ఈ గొలుసుకు పటం ఎవరూ గియ్యలే.

ఇంకో సంగతి ఆలోచించాలె. ఊరు మమ్ములను దూరం పెట్టిన ఆ మైలనే ఆ రోజుల్ల కొంత దాపు అయ్యింది. వాడకు ఆవల లంద గుంటలుండేవి. సున్నంల, తంగేడు చెక్క నీళ్లల్ల తోళ్లు నానేసే గుంటలు. ఆ వాసనకు పటేలు ఆ దిక్కు ముఖం పెట్టడు. సంఘపోళ్లకు దాచే బియ్యం మూటలు ఆ గుంటల పక్క పాత తోళ్ల కింద ఉండేవి. గాయపడ్డ దళం మనుషులు వాడ గుడిసెలల్ల పండుకున్నరు. పై కులాల నుంచి వచ్చిన పిల్లగాండ్లు కూడ మా కుండల అంబలి తాగిన్రు. సంఘం వచ్చినంక కొన్నాళ్లు వెట్టి బంద్ అయ్యింది. ఆ మేలు మా వాడలు మర్చిపోలే. కాని ఆ దాపు యూనియన్ మిలట్రీ ముంగట చెల్లలే. పటేలు వాడ అంచుకు నిలవడి వేలు చూపించేది, మైల తెల్వని దూరదేశపు సిపాయి గుడిసెలకు సొచ్చేది. దళాలు పాకాల అడవులకు, గోదావరి ఒడ్డుకు పోయినయి. అడివికి పోలేని వాడ మాత్రం ఉన్నకాడనే ఉండి దెబ్బలు తిన్నది. పోరాటంల పది లక్షల ఎకరాలు పంచినమని, నాలుగు వేల మంది చచ్చిపోయిన్రని పుచ్చలపల్లి సుందరయ్య రాసిండు. పోయిన దొరలు మిలట్రీ వెంట వాపసు వచ్చిన్రు. పంచిన భూమి చాలాచోట్ల మల్ల వాళ్ల చేతికే పోయింది.

సెప్టెంబరు 17 తర్వాత ఉరికెటోళ్లు మారిపోయిన్రు. ఈసారి సాయిబులు. గడీల ఉండే సాయిబులు కాదు, దూది ఏకెటోళ్లు, గాజులమ్మెటోళ్లు. పండిట్ సుందర్‌లాల్ కమిటీ సంస్థానంల తిరిగి, 27 వేల నుంచి 40 వేల దాక ముస్లింలు చచ్చిపోయి ఉంటరని లెక్క కట్టింది. ఎక్కువ ఘోరం ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాలల్ల. ఆ నివేదిక దశాబ్దాల పాటు బయటికి రాలే. మా నాయినమ్మ వాళ్ల వాడకు ఒక దూదేకుల ముసలమ్మ ఇద్దరు మనుమండ్లతోని వచ్చింది. పిల్లల నెత్తికి డప్పులోళ్ల రుమాళ్లు చుట్టి, వాడ పిల్లలల్ల కలిపి, చేన్లకు తీస్కపోయేది. ఆ ఏడాది చేన్ల పండుకునే తొవ్వ వాడకు బాగ తెలుసు గద! దాన్ని గొప్ప చేసి చెప్పకపోయేది నాయినమ్మ. "మేం పండుకున్న జాగనే వాళ్లకు చూపిచ్చినం" అనేది, అంతే.

సంస్థానంల మా నాయకుల తొవ్వలు కూడ ఒక్కటి కాదు. బి.ఎస్. వెంకట్రావు నిజాం ప్రభుత్వంల మంత్రి అయ్యిండు. బి. శ్యాంసుందర్ ఐక్యరాజ్య సమితికి పోయిన హైదరాబాద్ బృందంల సభ్యుడు. డాక్టర్ అంబేద్కర్ మాత్రం 1947 నవంబరుల పాకిస్తాన్‌ల, హైదరాబాద్‌ల ఉన్న షెడ్యూల్డు కులాల వాళ్లను, మతం మారొద్దు, ఎట్లనన్న ఇండియాకు రండ్రి అన్నడు. ఆ మాట మా నాయినమ్మ ఎన్నడూ ఇనలే. ఇంకో నెలకు, డిసెంబరు 18న అంబేద్కర్ నెహ్రూకు ఉత్తరం రాసిండు. పాకిస్తాన్ ప్రభుత్వం షెడ్యూల్డు కులాల వాళ్లను అత్యవసర సేవల కింద చూపించి రానిస్తలేదు అన్నది ఆయన ఫిర్యాదు. ఆ సంగతి చదివినప్పుడు నాకు నెక్కొండ కనవడ్డది. హిందువులు దేశం దాటి పోతుంటే, పాకీ పని చేసెటోన్ని మాత్రం పోనియ్యలే. వాడు పోతే పట్నం కంపు కొడ్తది. కరాచీల దానికి చట్టం కావాల్సి వచ్చింది. మా ఊర్ల పటేలు కేక సరిపోయింది.

తర్వాత కాలంల కేంద్ర ప్రభుత్వం ఆ సరిహద్దు క్యాంపులల్ల ఉన్నోళ్లను స్వాతంత్ర్య సమరయోధులుగ గుర్తించి పింఛను ఇచ్చింది. అర్హులకు రావుడు న్యాయమే. దానికి జైలు కాగితమో, క్యాంపుల ఉన్నట్టు తెలిసిన నాయకుడు రాసిచ్చిన కాగితమో కావాలె. రెండేండ్లు ఊరి చీటీలన్నీ మోసిన మా నాయినమ్మ తండ్రి దగ్గర చూపించుకునేటందుకు ఒక్క చీటీ లేదు. జొన్నచేన్ల పండుకున్న రాత్రులకు సర్టిఫికెటు ఎవరిస్తరు?

ఈ చరిత్ర ఎక్కడ మలుపు తిరిగిందో కూడ చెప్పాలె. 1985 జులై 17న కారంచేడుల ఆరుగురు మాదిగలను చంపినప్పుడు, మిగిలినోళ్లు చీరాలకు ఉరికిన్రు. ఈసారి తెల్లారి వెట్టికి వాపసు పోలే. ఊరి కూలి మాకొద్దు, ఊరు మాకొద్దు అని చీరాలలనే శిబిరం వేసుకొని కూసున్నరు. ప్రభుత్వం అక్కడనే ఇండ్లు కట్టియ్యాల్సి వచ్చింది. కత్తి పద్మారావు, బొజ్జా తారకం లాంటి వాళ్లు ముందు నడువంగ దళిత మహాసభ పుట్టింది ఆ శిబిరపు పోరాటంలనే. 1991 ఆగస్టు 6న చుండూరుల ఎనిమిది మందిని చంపితే జనం తెనాలికి చేరి, అక్కడి నుంచే కొట్లాడిన్రు. వెట్టి పని ఉన్నన్నాళ్లు పారిపోవుడు మాకు నేరం. ఊరిడిచి పోయి, మేం రాము అని కలిసి చెప్పగలిగిన రోజు అది పోరాటమైంది. 1989 అత్యాచారాల నిరోధక చట్టంల దళితులను ఊరిడిచి పోయేటట్టు చేసుడు నేరమని రాసి ఉంది. కదలకుండ పట్టి ఉంచిన నేరం మన మనసుల కూడ అంతే గట్టిగ రాసుకోవాలె.

ఇప్పుడు ఆ కాలం చూసిన కండ్లు చాలా కొద్దిగ మిగిలినయి. పరిశోధన చేసే పిల్లలు వాడలకు పోయి, "మీరు సాయుధ పోరాటంల పాల్గొన్నరా?" అని అడుగుతరు. ముసలోళ్లు లేదు బిడ్డా అంటరు. నోటుపుస్తకం మూసుకొని వస్తరు. ఆ ప్రశ్న మార్చాలె. ఆ రోజుల్ల రాత్రి ఏడ పండుకున్నవు అవ్వా అని అడుగుండ్రి. పొయ్యి ఎప్పుడు ఆర్పేది, చంటిపిల్లను ఏం చేసింది, ఎవని చీటీ మోసింది, ఎవని బొంద తవ్వింది అని అడుగుండ్రి. చెప్పింది చెప్పినట్టు, వాళ్ల మాటలనే రాయుండ్రి. ఏ చేను, ఏ కట్ట, ఏ వాడ అన్నది పేరుతోసహా పెట్టుండ్రి. నెక్కొండ చుట్టుపక్కల ఊర్లల్ల ఆ పని నేను మొదలు పెట్టిన. మిగిలిన తాలూకాలు మీవి.