17 సెకన్లు, 4 సెకన్లు: పామర్‌స్టన్ నార్త్ కొండ మీద ఒక ఉదయం

ఈ ఎపిసోడ్‌లో మాట్లాడినదాన్ని కాస్త సర్ది ఇక్కడ పెడుతున్నాను. వినడానికి టైం లేనివాళ్లు చదువుకోవచ్చు. విన్నవాళ్లకి కూడా పనికొస్తుంది, ఎందుకంటే ఆడియోలో నేను హడావుడిగా దాటేసిన సాంకేతిక భాగం ఇక్కడ కొంచెం వివరంగా ఉంటుంది.

నేనుండే పామర్‌స్టన్ నార్త్ చదునైన ఊరు. కానీ తూర్పుకి తిరిగి చూస్తే టరరువా కొండల వరుస, దాని మీద గాలిమరలు కనిపిస్తాయి. తూర్పువైపు నుంచి దిగే విమానాలు ఆ కొండల మీదుగానే రావాలి. ఆకాశం తేటగా ఉంటే అదో అందమైన దృశ్యం. మబ్బు కమ్మితే మాత్రం పైలట్‌కి కొండ ఉందని చెప్పేది కాగితం మీద మ్యాపూ, ముందున్న మీటర్లూ, విమానం కడుపులో ఎక్కడో కూర్చున్న కొన్ని పెట్టెలూ మాత్రమే.

1995 జూన్ 9, శుక్రవారం ఉదయం. ఆక్లాండ్ నుంచి అన్సెట్ న్యూజిలాండ్ ఫ్లైట్ 703 మా ఊరికి వస్తోంది. డాష్ 8 విమానం, రెండు ప్రొపెల్లర్లది. అందులో 18 మంది ప్రయాణికులు, ముగ్గురు సిబ్బంది. మబ్బులోంచి దిగుతూ చక్రాలు దించారు. కుడివైపు చక్రాలు దిగలేదు. వాటిని పైన పట్టి ఉంచే గొళ్ళెం అరిగిపోయి వదల్లేదు.

ఇలాంటప్పుడు చేత్తో దించే పద్ధతి ఉంటుంది. దానికో చెక్‌లిస్ట్ కూడా ఉంది. కో-పైలట్ ఆ పనిలో పడ్డాడు. పని సరైన వరుసలో జరగడం లేదని కెప్టెన్ అటువైపు చూశాడు. దిగడం ఆపేసి, మళ్లీ పైకి వెళ్లి, తీరిగ్గా చక్రాల సంగతి చూసుకుని ఉండొచ్చు. అలా చెయ్యలేదు. ఇద్దరి ధ్యాసా చక్రాల మీద ఉంది. విమానం మాత్రం ఉండాల్సిన ఎత్తు కంటే కిందికి జారుతూ వచ్చింది. ఊరికి సుమారు 16 కిలోమీటర్ల దూరంలో కొండను తాకింది. నలుగురు చనిపోయారు. వాళ్లలో రెజినాల్డ్ డిక్సన్ అనే ప్రయాణికుడు బయటపడ్డాక కూడా, లోపల చిక్కుకున్నవాళ్ల కోసం తిరిగి వెళ్లి మంటల్లో కాలిపోయి, కొన్ని రోజులకి ఆస్పత్రిలో ప్రాణం విడిచాడు. ఆయనకి మరణానంతరం ఈ దేశపు అత్యున్నత పౌర సాహస పతకం, న్యూజిలాండ్ క్రాస్ ఇచ్చారు.

ఇక అసలు విషయానికి వస్తాను. కొండ దగ్గర పడితే అరిచి చెప్పే యంత్రం ఆ విమానంలో ఉంది. అది అరిచింది కూడా. కానీ ఢీకొనడానికి దాదాపు 4 సెకన్ల ముందు. దర్యాప్తు లెక్క ప్రకారం అది సుమారు 17 సెకన్ల ముందే అరవాలి. 17 సెకన్లుంటే విమానాన్ని పైకి లాగొచ్చు. 4 సెకన్లలో ఏమవుతుంది? ఏమిటా శబ్దం అని తల తిప్పేలోపే అయిపోతుంది.

కనబడని గది

ఈ యంత్రాలు ఎక్కడుంటాయో మనం ఎప్పుడూ ఆలోచించం. పెద్ద విమానాల్లో కాక్‌పిట్ కిందో, ముందు చక్రం వెనకో ఒక గది ఉంటుంది. చిన్నవాటిలో ముక్కు భాగంలోనో, కాక్‌పిట్ వెనక అరల్లోనో సర్దుతారు. లైబ్రరీలో పుస్తకాల అరల్లా వరుసగా పెట్టెలు. రేడియో, ఆటోపైలట్, ఎత్తు కొలిచే రాడార్, కరెంటు పంచే యూనిట్లు. ఒకటి పాడైతే అక్కడే విప్పి రిపేరు చెయ్యరు. పెట్టె మొత్తం లాగేసి కొత్తది తోసి బిగిస్తారు. పెట్టెలు వేడెక్కుతాయి కాబట్టి ఫ్యాన్లతో గాలి ఆడిస్తూనే ఉండాలి. నీళ్లు అస్సలు తగలకూడదు.

తగిలితే ఏమవుతుందో 2008 జనవరి 7న క్వాంటాస్ బోయింగ్ 747 ఒకటి బ్యాంకాక్ దగ్గర చూపించింది. వంటగది మురుగునీటి పైపు మంచుతో మూసుకుపోయి, నీళ్లు నేల మీద పొంగి, కింది గదిలో కరెంటు పెట్టెల మీద కారాయి. నాలుగు ఇంజన్లూ చక్కగా తిరుగుతున్నాయి, కానీ విమానంలో చాలావాటికి కరెంటు లేదు. అప్పటికి బ్యాంకాక్ దగ్గరికి వచ్చేశారు కాబట్టి బ్యాటరీల మీద నెట్టుకొచ్చి దిగారు. అందరూ క్షేమం. అదే సముద్రం మధ్యలో జరిగి ఉంటే? ఆ గది మీద పరిచే నీటి అడ్డుపలక ఎంత ముఖ్యమో ఆ రోజు తెలిసింది.

కొండను పసిగట్టే పెట్టె

మా ఊరి కథలో ఉన్న పెట్టె పేరు జీపీడబ్ల్యూఎస్, అంటే నేల దగ్గర పడుతోందని హెచ్చరించేది. డాన్ బేట్‌మన్ అనే కెనడా ఇంజనీరు 1960ల చివర్లో దీని మీద పని మొదలుపెట్టాడు. అప్పట్లో ఇంజన్లు బాగున్నా, రెక్కలు బాగున్నా, పైలట్ చేతిలో పూర్తి అదుపులో ఉన్నా మబ్బులో నేరుగా కొండకి గుద్దుకునే విమానాలు చాలా ఉండేవి. 1974 డిసెంబర్ 1న అమెరికాలో వాషింగ్టన్ దగ్గర టీడబ్ల్యూఏ 514 అలాగే కొండను ఢీకొని 92 మంది పోయారు. ఆ తర్వాత అమెరికా పెద్ద జెట్‌లన్నిటికీ ఈ పెట్టె తప్పనిసరి చేసింది.

పని చేసే తీరు సులువే. విమానం కడుపు నుంచి రేడియో తరంగం కిందికి వెళ్లి నేలని తాకి తిరిగొస్తుంది. ఎంత సేపటికి వచ్చిందో చూసి ఎత్తు లెక్క కడతారు. ఆ ఎత్తు ఎంత వేగంగా తగ్గుతోంది, చక్రాలు దిగాయా, ఫ్లాపులు ఎంత తెరుచుకున్నాయి, ఇవన్నీ కలిపి పెట్టె ఒక నిర్ణయానికి వస్తుంది. ఇందులో లోపం కూడా మీకు ఇప్పటికే తట్టి ఉంటుంది. అది కిందికి చూస్తుంది గానీ ముందుకి చూడదు. ఎదురుగా నిలువుగా లేచే కొండ దానికి ఆఖరి క్షణం దాకా కనబడదు.

ఈ దేశానికి ఆ సంగతి ముందే తెలుసు. 1979 నవంబర్ 28న ఎయిర్ న్యూజిలాండ్ డీసీ-10 అంటార్కిటికాలో ఎరెబస్ పర్వతాన్ని ఢీకొని 257 మంది చనిపోయారు. దారి తాలూకు అక్షాంశ రేఖాంశాలు కంప్యూటర్‌లో మారాయి, మారినట్టు పైలట్లకి ఎవరూ చెప్పలేదు. పెట్టె తనకిచ్చిన అంకెల ప్రకారం బుద్ధిగా కొండకేసి తీసుకెళ్లింది. హెచ్చరిక మోగింది, గుద్దుకోవడానికి కొద్ది సెకన్ల ముందు.

1995 నాటికి ఉన్న ప్రశ్న వేరు. పాత తరం పెట్టె అయినా సరే, ఆ కొండ వాలు మీద ముందే మోగాల్సింది. ఎందుకు మోగలేదు? దర్యాప్తు సంఘం తన నివేదికలో పైలట్ల తప్పుతో పాటు ఈ ఆలస్యాన్ని కూడా కారణాల్లో చేర్చింది. కానీ ఆలస్యం ఎందుకైందో మాత్రం తేల్చలేకపోయింది. నాకు ఇందులో అన్నిటికంటే కష్టంగా అనిపించేది ఇదే. మనిషి చేసిన తప్పుకి కాక్‌పిట్ రికార్డింగ్ సాక్ష్యం చెప్పింది. పెట్టె తప్పుకి సాక్ష్యం చెప్పేవాళ్లు లేరు.

ఆ రికార్డింగ్ గురించి కూడా పెద్ద గొడవే జరిగింది. భద్రత కోసం పెట్టిన రికార్డర్‌ని పోలీసులు కేసుకి వాడుకోవచ్చా? పైలట్ల సంఘం కోర్టుకెళ్లింది, 1997లో అప్పీలు కోర్టు పోలీసులవైపే చెప్పింది. తర్వాత చట్టాన్ని మార్చి ఇలాంటి రికార్డింగులకి రక్షణ పెంచారు. కెప్టెన్ మీద నరహత్య కేసు నడిచింది. 2001లో జ్యూరీ నిర్దోషి అని తేల్చింది.

మనకి తెలిసిన కొండ

ఇదంతా చదువుతుంటే నాకు నల్లమల గుర్తొచ్చింది. 2009 సెప్టెంబర్ 2న ముఖ్యమంత్రి వై.ఎస్. రాజశేఖరరెడ్డి గారు బేగంపేట నుంచి చిత్తూరు జిల్లాకి బయల్దేరిన బెల్ 430 హెలికాప్టర్. ఆ రాత్రంతా మనలో చాలామంది టీవీల ముందే కూర్చున్నాం. మర్నాటికి గానీ శిథిలాలు దొరకలేదు, ఐదుగురూ లేరు. తర్వాత వచ్చిన నివేదికలో ఒక మాట నన్ను వదల్లేదు. ట్రాన్స్‌మిషన్ ఆయిల్ ప్రెషర్ సరిగ్గా లేదని సూచన రాగానే పైలట్లు ఎమర్జెన్సీ చెక్‌లిస్టులో ఆ పేజీ వెతుకుతూ నిమిషాల తరబడి ఉండిపోయారట. ఈలోపు హెలికాప్టర్ ముంచెత్తే వాతావరణంలోకి వెళ్లిపోయింది.

టరరువాలో చక్రం, నల్లమలలో ఆయిల్ ప్రెషర్. ఈ రెండు లోపాలూ వాటంతట అవి ప్రాణం తీసేవి కావు. ప్రాణం తీసింది, దాని మీదే ఇద్దరి కళ్లూ ఉండిపోవడం. అందుకే ఇప్పుడు పైలట్లకి మొదటి పాఠం ఇది: ఏం పాడైనా సరే, ఒకరు విమానం నడపాలి, ఒకరే లోపం చూడాలి.

పెట్టె కూడా మారింది. 1990లలో బేట్‌మన్ బృందం ప్రపంచపు నేల ఎత్తుపల్లాలన్నీ పెట్టెలోకి ఎక్కించింది. సోవియట్ యూనియన్ కూలిపోయాక బయటికొచ్చిన మ్యాపులు అందుకు చాలా ఉపయోగపడ్డాయి. ఇప్పుడా పెట్టె తానెక్కడుందో చూసుకుని, ముందున్న కొండని దాదాపు నిమిషం ముందే చెబుతుంది. కొండని గుద్దుకునే ప్రమాదాలు పెద్ద విమానాల్లో బాగా తగ్గిపోవడానికి పెద్ద కారణం అదే.

మబ్బు పట్టిన ఉదయాల్లో మా ఊరి మీదుగా విమానం చప్పుడు వినిపిస్తే నేనిప్పటికీ తూర్పుకే చూస్తాను. కొండ కనబడదు, చప్పుడు మాత్రం దగ్గరికొస్తుంది. కాసేపటికి మబ్బు కింద నుంచి దీపాలు బయటపడతాయి. చక్రాలు మూడువైపులా దిగి ఉన్నాయో లేదో కూడా చూస్తాను. ఆ తర్వాతే ఇంట్లోకి వెళ్తాను.

మళ్లీ వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను.